అప్పీలు ‘డిఫాల్ట్‌లో పోయింది’ అంటే అసలు ఏమైనట్టు?

“ఒరేయ్, మన అప్పీలు తళ్ళుపడి అయిపోయిందంటరా. ఇంక ఇల్లు పోయినట్టేనా?”

2025 ఆగస్టు 20న పెరంబూరు నుంచి మా బాబాయి చేసిన ఫోను ఇది. నలభై ఏళ్ళుగా చెన్నైలో ఉంటున్న మనిషి కదా, ఇంట్లో తెలుగే అయినా కోర్టు మాటలు మాత్రం ఆయనకు తమిళంలోనే వస్తాయి. తళ్ళుపడి అంటే కొట్టివేత. ఆడి మాసంలో టీనగర్ బట్టల షాపుల ముందు వేలాడే డిస్కౌంటు బోర్డు మీదా అదే మాట, రైతు రుణమాఫీకీ అదే మాట. తళ్ళడం అంటే తోయడం. మన ‘తోసిపుచ్చారు’లో ఉన్నదీ ఆ తోపే.

ప్యారీస్ కార్నర్ దగ్గర తెలుగు దస్తావేజులను ఇంగ్లీషులోకి మార్చిపెట్టే పని నాది. లాయరును కాను. కానీ రోజూ హైకోర్టు గేటు ముందు నుంచి నడిచేవాడికి కొన్ని సంగతులు వద్దన్నా అబ్బుతాయి. అందుకే బాబాయిని ఒక్కటే అడిగాను: “ఆర్డరులో ఏమని రాశారు?”

వాట్సాప్‌లో పంపించాడు. మూడే ముక్కలు. అప్పీలుదారు తరఫున ఎవరూ హాజరు కాలేదు. గత వాయిదాకూ కాలేదు. కాబట్టి అప్పీలు డిఫాల్ట్ కింద డిస్మిస్. తేదీ జూన్ 13.

ఇల్లు పోలేదు. అలాగని నిలబడిందనీ చెప్పలేం.

కొట్టేయడంలో రెండు రకాలు

కింది కోర్టులో ఓడినవాళ్ళు పై కోర్టుకు వెళ్తే అప్పీలుదారు, గెలిచి అవతల నిలబడ్డవాళ్ళు రెస్పాండెంటు. అప్పీలును కోర్టు రెండు దారుల్లో కొట్టేయవచ్చు. ఇరుపక్షాల వాదన విని, రికార్డు చూసి, ‘కింది కోర్టు చెప్పిందే సరైనది’ అని తేల్చడం ఒకటి. దీన్ని మెరిట్స్ మీద డిస్మిస్ కావడం అంటారు. కేసులోని మంచిచెడ్డల జోలికే పోకుండా ‘అప్పీలు వేసినవాళ్ళు దాన్ని నడిపించడం లేదు’ అని ఫైలు మూసేయడం రెండోది. ఇదే డిఫాల్ట్. అప్పు ఎగ్గొట్టినవాళ్ళను డిఫాల్టరు అంటాం కాబట్టి ఈ మాట వినగానే బాబాయి లాంటివాళ్ళు కంగారు పడతారు. ఇక్కడ దాని అర్థం చేయాల్సిన పని చేయకపోవడం, అంతే.

ఏ పని? వాయిదాకు రాకపోవడం అందులో ఒకటి మాత్రమే. అప్పీలు కాగితాల్లో లోపాలున్నాయని ఆఫీసు వెనక్కిస్తే వాటిని సరిచేసి మళ్ళీ వేయకపోవచ్చు. అవతలివాళ్ళకు నోటీసు వెళ్ళడానికి బత్తా, అంటే దాని ఖర్చు, కట్టకపోవచ్చు. డబ్బు డిపాజిట్ చేయమన్న గడువు దాటిపోవచ్చు. పక్షాల్లో ఎవరైనా చనిపోతే 90 రోజుల్లోగా వారసులను చేర్చకపోతే అప్పీలు ‘అబేట్’ అవుతుంది, అంటే దానంతటదే ఆగిపోతుంది. దాని లెక్క వేరు, చట్టంలో దారీ వేరు. దీన్నీ దాన్నీ కలిపేసి మాట్లాడుకోవడం వల్లే సగం గందరగోళం.

కోర్టు హాల్లో ఆ అర నిమిషం

1892లో కట్టిన మద్రాసు హైకోర్టు ఎర్ర ఇటుకల భవనంలో అప్పీలు పోవడం చూడాలంటే కళ్ళార్పకూడదు. కోర్టు సిబ్బంది నంబరు పిలుస్తారు. వెనక బెంచీల్లో ఎవరో లేస్తారేమోనని జడ్జిగారు కళ్ళజోడు పైనుంచి చూస్తారు. రెస్పాండెంటు లాయరు ఇటు తిరిగీ అటు తిరిగీ ‘ఎవరూ లేరు మైలార్డ్’ అంటాడు. అదృష్టం బాగుంటే పాసోవర్, అంటే లిస్టు చివర్లో ఇంకోసారి పిలుపు. అప్పుడూ ఎవరూ లేవకపోతే జడ్జిగారు రెండు వాక్యాలు చెబుతారు, స్టెనో రాసుకుంటుంది, పక్క నంబరు పిలుస్తారు. పదేళ్ళ కేసు పోవడానికి పట్టే టైము అంతే.

మద్రాసు హైకోర్టులో మాత్రం చాలాసార్లు దీనికి ముందు ఒక హెచ్చరిక వస్తుంది. మొదటిసారి రాకపోతే, వచ్చే వాయిదాకు కేసును ‘ఫర్ డిస్మిసల్’ అన్న శీర్షిక కింద లిస్టులో పెడతారు. ఆ శీర్షిక కింద తమ నంబరు చూసిన జూనియర్ లాయర్ల పరుగు చూసి తీరాల్సిందే. బాబాయి కేసూ అలా వచ్చింది. చూడాల్సినవాళ్ళు చూడలేదు.

1954లో గుంటూరులో ఆంధ్ర హైకోర్టు వచ్చేదాకా నెల్లూరు, చిత్తూరు, కర్నూలు అప్పీళ్ళు కూడా ఈ భవనానికే వచ్చేవి. ఆ రోజుల్లో ప్లీడరు కార్డు ముక్క రాయకపోతే కక్షిదారుకు తన కేసు పోయిన సంగతి తెలిసే దారే లేదు. ఇప్పుడు ప్రతి కేసుకూ ఉండే 16 అక్షరాల సీఎన్ఆర్ నంబరు కొడితే ఈకోర్ట్స్ యాప్‌లో వాయిదా కనిపిస్తుంది. ఇది సౌకర్యమే. అయితే ‘నాకు తెలియదండీ’ అన్న మాటకున్న బరువును కూడా అదే తగ్గించేసింది.

రాని మనిషి మీద తీర్పు ఇవ్వకూడదన్న నియమం

సివిల్ అప్పీళ్ళను నడిపించేది 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్, అందులోని ఆర్డర్ 41. దాని 17వ రూలు ప్రకారం విచారణ రోజున అప్పీలుదారు రాకపోతే కోర్టు అప్పీలును డిస్మిస్ చేయవచ్చు. చేయవచ్చు, చేసి తీరాలని కాదు. వాయిదా వేయడానికీ వీలుంది. వీలు లేనిది ఒకటే: అప్పీలుదారు లేనప్పుడు కేసు లోతుల్లోకి వెళ్ళి ‘నీ వాదనలో పస లేదు’ అని మెరిట్స్ మీద కొట్టేయడం. 1976 సవరణతో ఈ సంగతిని వివరణ రూపంలో రూలులోనే చేర్చారు. 2012లో ఘనశ్యామ్ దాస్ గుప్తా కేసులో సుప్రీంకోర్టు మళ్ళీ గుర్తు చేయాల్సి వచ్చిందంటే, అప్పటికీ కొన్ని కోర్టులు ఆ గీత దాటుతూనే ఉన్నాయని అర్థం.

వినగానే ఇది తలకిందులుగా అనిపిస్తుంది. జడ్జిగారు కష్టపడి రికార్డంతా చదివి తీర్పు రాస్తే తప్పు, ఏమీ చదవకుండా రెండు వాక్యాల్లో కొట్టేస్తే ఒప్పా? కిటుకు ఆ తర్వాతి మెట్టులో ఉంది. డిఫాల్ట్ కింద పోయిన అప్పీలును 19వ రూలు కింద అదే కోర్టు మళ్ళీ బతికించవచ్చు. మెరిట్స్ మీద తీర్పు వచ్చేస్తే ఆ తలుపు మూసుకుపోతుంది, ఇక పై కోర్టే గతి. అంటే రాని మనిషికి ఆ రెండు వాక్యాల ఆర్డరే మేలు. రెస్పాండెంటు రాకపోతే మాత్రం కోర్టు ఏకపక్షంగా విని తీర్పు ఇవ్వవచ్చు. అలా ఓడినవాళ్ళకు మళ్ళీ వినమని అడగడానికి 21వ రూలు ఉంది.

ఈలోపు కింది కోర్టు తీర్పు సంగతి? అది చెక్కుచెదరదు. అప్పీలును లోతుగా వినలేదు కాబట్టి అసలు తగాదా తేలలేదనుకుని మళ్ళీ కొత్త దావా వేస్తామంటే కుదరదు. 1966లో శివదాన్ సింగ్ కేసులో ఇదే ప్రశ్న వచ్చింది. అక్కడ ఒక అప్పీలు గడువు దాటి పోయింది, ఇంకోటి రికార్డు అచ్చు వేయించే పని చేయకపోవడం వల్ల పోయింది. అయినా కింది కోర్టు తేల్చిందే ఖాయమైనట్టని సుప్రీంకోర్టు చెప్పింది.

ముప్పై రోజుల లెక్క

డిఫాల్ట్ కింద పోయిన అప్పీలును తిరిగి తెరవమని అడగడానికి 1963 లిమిటేషన్ చట్టం 122వ అధికరణం ఇచ్చిన గడువు 30 రోజులు. మనకు తెలిసిన రోజు నుంచి కాదు, కొట్టేసిన రోజు నుంచి. మా బాబాయి బోల్తా పడింది ఇక్కడే. “నాకు తెలిసింది నిన్ననే కదరా, ఇంకా 29 రోజులున్నాయి” అన్నాడు మర్నాడు.

ఆయన లెక్కే వేద్దాం. ఆర్డరు జూన్ 13, శుక్రవారం. ఆ రోజును లెక్కలోంచి తీసేయాలి. 14 నుంచి మొదలుపెడితే ముప్పయ్యో రోజు జూలై 13, ఆదివారం. కోర్టు సెలవు కాబట్టి సోమవారం 14న వేసినా గడువులో వేసినట్టే. ఆయన కాగితాలు తయారై దాఖలైంది ఆగస్టు 22న. సోమవారం వెసులుబాటు ఆ రోజున వేసినవాళ్ళకే, కాబట్టి ఆలస్యాన్ని జూలై 13 నుంచే కొలుస్తారు: 40 రోజులు.

అప్పుడు ఒక పిటిషన్ చాలదు, రెండు కావాలి. 40 రోజుల ఆలస్యాన్ని మన్నించమని లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఒకటి, అప్పీలును తిరిగి తెరవమని 19వ రూలు కింద ఇంకోటి. రెండింటిలోనూ చూపాల్సింది ‘తగిన కారణమే’, కానీ ప్రశ్నలు వేరు. రెండోది జూన్ 13న ఎందుకు రాలేదని అడుగుతుంది. మొదటిది ఆ తర్వాత ఇన్నాళ్ళూ ఏం చేశావని అడుగుతుంది. ఆసుపత్రి చీటీ జూన్‌కు పనికొస్తుంది, ఆగస్టుకు పనికిరాదు. చాలా అఫిడవిట్లు రెంటికీ ఒకే కథ చెప్పి అక్కడే దొరికిపోతాయి.

తగిన కారణం రుజువైతే అప్పీలును తిరిగి చేర్చుకోవాలనే రూలు చెబుతోంది, ఖర్చుల షరతు పెట్టడం కోర్టు ఇష్టం. జిల్లా కోర్టు లాంటి అప్పీలు కోర్టు అలా చేర్చుకోనంటే, ఆ నిరాకరణ మీద అప్పీలు చేసుకునే వీలు ఆర్డర్ 43 ఇచ్చింది.

లాయరు రాకపోతే శిక్ష ఎవరికి?

ఈ వ్యవహారమంతటికీ గుండెకాయ ఇదే. అప్పీలు కోర్టులో కక్షిదారు నోరు విప్పే పని ఉండదు, రావాల్సింది లాయరు. ఆయన రాకపోతే పోయేది మాత్రం కక్షిదారు ఇల్లు.

1981లో రఫీక్ కేసులో సుప్రీంకోర్టు కక్షిదారు పక్షం వహించింది. ఊళ్ళో ఉండే మనిషి లాయరును పెట్టుకుని, ఫీజు ఇచ్చి, తాను చేయాల్సిందంతా చేశాడు. ఆ లాయరు వచ్చాడో లేదో చూడటానికి ఇంకో కాపలాదారుగా హైకోర్టు చుట్టూ తిరగనక్కర్లేదని చెప్పి అప్పీలును బతికించింది. ఇప్పటికీ ప్రతి పిటిషన్‌లో ఈ తీర్పు పేరు ఉంటుంది.

అవతలి లాయరు చేతిలో ఉండేది 1993 నాటి సలిల్ దత్తా తీర్పు. రాసింది మన తెలుగు న్యాయమూర్తి బి.పి.జీవన్‌రెడ్డి. లాయరు కక్షిదారు తరఫు ఏజెంటు, ఆయన చేసింది కక్షిదారు చేసినట్టే. ఇరుకున పడ్డప్పుడల్లా ‘తప్పు నాది కాదు, లాయరుది’ అని చేతులు దులుపుకునే హక్కు ఎవరికీ లేదు. అక్కడ ప్రతివాది ఒక ప్రైవేటు కంపెనీ. నిరక్షరాస్యుడైన పల్లెటూరి మనిషికి చూపిన దయను కంపెనీకి చూపనక్కర్లేదన్నది అందులోని మెలిక. కాబట్టి రెండు తీర్పులూ కొట్టుకుంటున్నాయని నేను అనుకోను. ఎదుట నిలబడ్డ మనిషి ఎవరన్నది తేడా.

1998లో వచ్చిన బాలకృష్ణన్ కేసు మద్రాసుదే. అందులో ఆలస్యం 883 రోజులు. కక్షిదారు తన లాయరు మీద మద్రాసులోని వినియోగదారుల ఫోరానికి వెళ్ళి పరిహారం ఆర్డరు కూడా తెచ్చుకున్నాడు. రోజులు ఎన్నన్నది కాదు, చెప్పిన కారణం నమ్మేలా ఉందా లేదా అన్నదే ముఖ్యమని సుప్రీంకోర్టు ఆ ఆలస్యాన్ని మన్నించింది. అయితే లాయరు మీద వినియోగదారుల చట్టం కింద వెళ్ళే ఆ దారి 2024 మేలో మూసుకుపోయింది, లాయర్ల సేవ ఆ చట్టం కిందికి రాదని సుప్రీంకోర్టే తేల్చింది. అదే ఏడాది రజనీష్ కుమార్ కేసులో, నెపమంతా లాయరు మీదికి నెట్టే అలవాటు పెరిగిందనీ, తన కేసు ఎక్కడుందో కనుక్కోవాల్సిన బాధ్యత కక్షిదారుకూ ఉందనీ చెప్పింది. గాలి ఎటు వీస్తోందో దీన్నిబట్టి తెలుస్తుంది.

డిక్రీ చేతిలో పెట్టుకుని కూర్చున్న ఆవిడ

ఇప్పటిదాకా బాబాయి వైపు నుంచే చెప్పాను, మావాడు కాబట్టి. అవతల ఉన్నది డెబ్బై దాటిన ఆవిడ. ఇంటి కోసం దావా వేసి సిటీ సివిల్ కోర్టులో గెలిచింది. అప్పీలు వేసినంత మాత్రాన డిక్రీ, అంటే గెలిచినట్టు కోర్టు ఇచ్చిన ఉత్తర్వు, అమలు కాకుండా ఆగదు, విడిగా స్టే తెచ్చుకోవాలి. బాబాయి తెచ్చుకున్నాడు. ఆ రోజు నుంచి ఆవిడకు కాగితం మీద గెలుపే తప్ప చేతికి తాళం రాలేదు. ఒక్కో వాయిదా బాబాయికి ఆర్నెల్ల కాపురం, ఆవిడకు ఆర్నెల్ల అద్దె. స్టే ఉన్న అప్పీలుదారుకు తొందరేముంటుంది? మా బాబాయిని అనడం కాదు గానీ, కావాలనే నిద్రపోయే అప్పీళ్ళు ఈ ఊళ్ళో బోలెడు. డిఫాల్ట్ డిస్మిసల్ అనే కర్ర లేకపోతే అవి లేవవు.

కోర్టులు ‘ఫలానా తేదీలోగా కట్టకపోతే అప్పీలు దానంతటదే డిస్మిస్ అయినట్టే’ అని షరతు ఆర్డర్లు ఇచ్చేది కూడా ఇందుకే. గడువు దాటాక వాటిని కదపలేమా? కదపవచ్చని, ఇలాంటి ఆర్డర్లు బద్ధకస్తులను భయపెట్టడానికే తప్ప కోర్టు చేతులు కట్టేయడానికి కాదని 1961లో మహంత్ రామ్‌దాస్ కేసు చెప్పింది. తర్వాత సవరణలో పొడిగింపు మొత్తం 30 రోజులకు మించకూడదని సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 148లో చేర్చారు. దాని మీద సేలం బార్ అసోసియేషన్ వెళ్తే, తప్పని పరిస్థితిలో కోర్టు తన సహజాధికారంతో ఆ హద్దు దాటవచ్చని 2005లో సుప్రీంకోర్టు అంది.

మరి డిస్మిస్ అయిన జూన్ 13న ఆ స్టే ఏమైంది? అప్పీలుతో పాటే పోయింది. ఆ నిమిషం నుంచి ఆవిడ ఎగ్జిక్యూషన్‌కు, అంటే డిక్రీ అమలుకు, వెళ్ళవచ్చు. రీస్టోర్ అయితే స్టే కూడా తిరిగి లేస్తుందా? దావాల విషయంలో, కోర్టు వేరేగా చెప్పకపోతే మధ్యంతర ఉత్తర్వులు మళ్ళీ ప్రాణం పోసుకుంటాయని 2004లో వరీద్ జాకబ్ కేసులో మెజారిటీ తీర్పు. ముగ్గురిలో ఒక జడ్జి ఒప్పుకోలేదు. అందుకే లాయర్లు దాని మీద భరోసా పెట్టుకోకుండా స్టే కోసం విడిగా ఇంకో పిటిషన్ పడేస్తారు.

క్రిమినల్, ఇన్‌కమ్ టాక్స్ అప్పీళ్ళలో లెక్క తిరగబడుతుంది

సివిల్ సంగతి విన్నవాళ్ళు అదే సూత్రాన్ని జైలు శిక్ష అప్పీలుకు అంటగడితే పొరపాటే. అక్కడ లాయరు రాలేదని అప్పీలును డిఫాల్ట్ కింద కొట్టేయడమే నిషిద్ధం. ఒకసారి విచారణకు తీసుకున్న క్రిమినల్ అప్పీలును రికార్డు చూసి మెరిట్స్ మీదే తేల్చాలని 1996లో బానీసింగ్ కేసులో ముగ్గురు జడ్జిల బెంచి చెప్పింది. చట్టంలోని మాటే అలా ఉంది: రికార్డు పరిశీలించాలి, అప్పీలుదారుగానీ లాయరుగానీ హాజరైతే వారిని వినాలి. వినడానికే ‘హాజరైతే’ అన్న షరతు, చదవడానికి షరతు లేదు. 2024 జూలై 1 నుంచి పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ స్థానంలో నాగరిక్ సురక్షా సంహిత వచ్చినా ఈ పద్ధతి కొనసాగుతోంది.

మరి లాయరు లేకుండా జడ్జి ఒక్కరే చదివి తీర్పు ఇచ్చేయవచ్చా? కూడదు, వేరే లాయరును నియమించాలని 2011లో సుకుర్ అలీ తీర్పు. బానీసింగ్‌ను చూడకుండా ఇచ్చిన తీర్పు అది, చెల్లదని 2013లో కర్ణాటక నుంచి వెళ్ళిన పాండురంగ కేసులో సుప్రీంకోర్టే అంది. అంటే ఇవ్వవచ్చు. ముద్దాయి జైల్లో ఉంటే ప్రభుత్వ ఖర్చుతో లాయరును పెట్టే దారి బానీసింగ్‌లోనే ఉంది.

ఆదాయపు పన్ను ట్రిబ్యునల్ కథ మళ్ళీ మన మద్రాసు కథే. ఒకప్పుడు ఆ ట్రిబ్యునల్ నిబంధనల్లోని 24వ రూలు అప్పీలుదారు రాకపోతే డిఫాల్ట్ కింద కొట్టేయవచ్చని చెప్పేది. చెన్నియప్ప ముదలియార్ కేసులో మద్రాసు హైకోర్టు ఆ భాగం చెల్లదంది, 1969లో సుప్రీంకోర్టు సమర్థించింది. చట్టం ట్రిబ్యునల్‌కు చెప్పింది అప్పీలును తేల్చమని, వదిలించుకోమని కాదు. ఇప్పటి రూలు ప్రకారం రానివాళ్ళ అప్పీలునూ మెరిట్స్ మీదే తేల్చాలి, తర్వాత తగిన కారణం చూపితే ఆ ఆర్డరును పక్కన పెట్టి మళ్ళీ వినాలి. రెండు రక్షణలూ ఒకేచోట దొరికే అరుదైన ఏర్పాటు ఇది. పన్ను నోటీసులు మాత్రం పాత ఆడిటరుగారి ఈమెయిల్‌కు వెళ్ళి పడుకుంటాయి, అది వేరే గోల.

బాబాయి ఫైలు

ఆయన అఫిడవిట్ మూడుసార్లు మార్చారు. మొదటిసారి రాసిన ‘నా లాయరు నిర్లక్ష్యం వల్ల’ అన్న మాటను కొత్త లాయరు కొట్టేయించాడు. దాని బదులు తేదీలు పెట్టారు: ఏ రోజున పాత ఆఫీసుకు ఫోన్ చేశాడు, ఎవరు ఎత్తారు, ఏమన్నారు, ఆగస్టు 20న సంగతి ఎలా తెలిసింది. పిన్ని ఫోన్‌లోంచి కాల్ లిస్టు ఫొటోలు తీసిచ్చింది.

అవతలి లాయరు సలిల్ దత్తా చదివాడు, మావాళ్ళు రఫీక్ చదివారు. ఆలస్యం మన్నించి, ఆవిడకు పదివేలు రెండు వారాల్లో కట్టాలన్న షరతు మీద అప్పీలును తిరిగి చేర్చుకున్నారు. కట్టకపోతే పిటిషన్ దానంతటదే డిస్మిస్.

“అంటే గెలిచినట్టేనా?” అన్నాడు బాబాయి ఫోన్‌లో.

“లేదు బాబాయ్. జూన్ 12న ఎక్కడున్నామో అక్కడికి వచ్చాం. ముందు పదివేలు కట్టి రసీదు మెమోతో ఫైల్ చేయించు.”

రెండో రోజే వెళ్ళి కట్టొచ్చాడు. రసీదు ఫొటో పంపించి, కింద రాశాడు: “తళ్ళుపడి ఏమైనా ఉందా అని అడిగాను. లేదన్నారు.”